ఉగ్గానికి ఎన్ని పేర్లు?

పోలండు దేశంలో క్రాకోవ్ అనే పాత నగరం ఉంది. అక్కడికి వచ్చే యాత్రికులు కోటలూ చర్చీలూ చూడడంతో తృప్తిపడరు. పది పన్నెండు మంది ఒక జట్టుగా కూడి, ఊరు బాగా తెలిసిన గైడు వెంట రెండు మూడు గంటలు కాలినడకన తిరుగుతారు. ఒక సందులో ఆగి రొట్టె, మరొక సందులో గిన్నెడు పుల్లని చారు, ఇంకొకచోట కుడుముల వంటి వంటకం రుచి చూస్తారు. ఈ పద్ధతి ఇప్పుడు ప్రపంచంలోని చాలా నగరాలకు పాకింది. తిండిపోతుల వేడుక అని దీనిని తీసిపారేసేవారున్నారు. డబ్బున్నవారి కాలక్షేపం అనేవారూ ఉన్నారు. ఆ మాటల్లో కొంత నిజం లేకపోలేదు. కాని ఆ నడకలో కడుపులోకి పోయేదానికంటె చెవిలో పడేది విలువైనది.

క్రాకోవ్ వీధుల్లో తోపుడుబండ్ల మీద ఉంగరం ఆకారంలో ఒక రొట్టె అమ్ముతారు. దాని పేరు ఒబ్వజానెక్. పిండిని పేనవలె మెలిపెట్టి, చుట్టగా చుట్టి, ముందు కాగే నీళ్ళలో కొద్దిసేపు ముంచి తీస్తారు. ఆ తరువాతనే పొయ్యిలో కాలుస్తారు. నీళ్ళలో ఉడికించి తీయడాన్ని తెలిపే పోలిష్ క్రియ నుంచి ఆ పేరు వచ్చింది. అంటే పేరులోనే వండే తీరు దాగి ఉంది. 1394వ సంవత్సరంలో యాద్విగా రాణి కోసం ఈ రొట్టెలు కొన్న ఖర్చు రాజాస్థానపు లెక్కల్లో కనిపిస్తుంది. 2010లో ఐరోపా సమాఖ్య దీనికి భౌగోళిక గుర్తింపు ఇచ్చింది. గైడు లేకుండా వెళ్ళినవాడు కూడా ఆ రొట్టె తినగలడు. అయితే వాడు తిన్నది రొట్టె మాత్రమే అవుతుంది.

అక్కడి మరొక వంటకం సంగతి ఇంకా ఆలోచింపజేస్తుంది. పియెరోగి అనేవి చూపుకు కజ్జికాయల్లా ఉంటాయి, కాని నీళ్ళలో ఉడికిస్తారు. బంగాళాదుంప, విరిగిన పాల ముద్ద, ఉల్లిపాయ కలిపి లోపల పెట్టిన రకాన్ని పియెరోగి రుస్కియె అంటారు. రుస్కియె అంటే రష్యాది అని చాలామంది పొరబడతారు. నిజానికి అది రుతేనియా అనే పాత సీమ పేరు నుంచి వచ్చినది. నేటి పశ్చిమ ఉక్రెయిన్ ప్రాంతం అందులోనిదే. రెండవ ప్రపంచయుద్ధం ముగిసిన 1945లో పోలండు సరిహద్దులు పడమరకు జరిగాయి. తూర్పున ఉన్న పోలిష్ కుటుంబాలు లక్షల సంఖ్యలో ఇళ్ళు వదిలి కొత్త ఊళ్ళకు చేరాయి. వారి వెంట వారి వంటలూ వచ్చాయి. 2022లో రష్యా ఉక్రెయిన్ మీద దండెత్తినప్పుడు పోలండులో కొన్ని హోటళ్ళవారు ఆ వంటకం పేరు మార్చి ‘ఉక్రెయిన్ పియెరోగి’ అని పలకల మీద రాసిపెట్టారు. పిండి మారలేదు, లోపలి కూరా మారలేదు. పేరు మారింది.

సరిహద్దున బతికే ఊళ్ళకు ఇది వింతగా తోచదు. బళ్లారి జిల్లాలోని సిరుగుప్ప అలాంటి ఊరే. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం ఏర్పడినప్పుడు పాత బళ్లారి జిల్లా రెండుగా చీలింది. ఆదోని, ఆలూరు, రాయదుర్గం తాలూకాలు ఆంధ్రకు వెళ్ళాయి. సిరుగుప్ప, బళ్లారి మొదలైనవి మైసూరు రాష్ట్రంలో చేరాయి. ఇక్కడ ఎవరూ మూటాముల్లె సర్దుకోలేదు. మనుషులు ఉన్నచోటనే ఉన్నారు, గీత వారి పక్కనుంచి పోయింది. పొయ్యి మీది కుండకు ఆ గీత కనిపించలేదు.

సిరుగుప్పలో రుచుల నడక ఒకటి సాగితే అది ఎక్కడ మొదలు కావాలి? బియ్యం దగ్గరే కావాలి. సిరుల కుప్ప అని ఈ ఊరి పేరుకు అర్థం చెబుతారు. కన్నడంలో గుప్పె, తెలుగులో కుప్ప. విజయనగర రాజుల కాలపు కాలువల్లో ఒకదానికి సిరుగుప్ప కాలువ అనే పేరుంది. తరువాత హోసపేట దగ్గర తుంగభద్రకు ఆనకట్ట కట్టారు. దాని దిగువ కాలువ ఈ తాలూకా మీదుగా సాగి కర్నూలు జిల్లా పొలాలకు చేరుతుంది. ఒకే కాలువ రెండు రాష్ట్రాల మళ్ళను తడుపుతున్నది. ఆయకట్టులో పేరుపడిన సాంబ మసూరి వరి 1986లో బాపట్ల పరిశోధనా స్థానం నుంచి వచ్చిన వంగడం. కృష్ణా డెల్టా అంచున పుట్టిన విత్తనం తుంగభద్ర ఒడ్డున బియ్యం మిల్లులను నడిపిస్తున్నదని గైడు చెప్పకపోతే ఎవరికి తెలుస్తుంది?

బియ్యం తరువాత బొరుగులు. ఉడికించి ఎండబెట్టిన వడ్లను దంచి, ఆ బియ్యానికి ఉప్పునీళ్ళు పట్టించి, కాలే ఇసుకలో వేస్తే క్షణంలో పొంగుతాయి. వాటితో చేసేదే ఉగ్గాని. బొరుగులను నీళ్ళలో వేసి వెంటనే తీసి పిండాలి. కొంచెం ఆలస్యమైతే ముద్దయిపోతాయి. నూనెలో ఆవాలు, ఉల్లిపాయ, పచ్చిమిరప, కరివేపాకు, పసుపు వేసి, పిండిన బొరుగులు కలిపి, పైన పుట్నాలపప్పు, ఎండుకొబ్బరి, వెల్లుల్లి కలిపి దంచిన పొడి చల్లుతారు. పక్కన మిరపకాయ బజ్జీ లేకపోతే ఉగ్గాని తిన్నట్టే కాదని రాయలసీమవారూ బళ్లారివారూ ఒకే మాటగా అంటారు.

ఇక పేర్లు. రాయలసీమవారి బొరుగులు కోస్తావారికి మరమరాలు. కన్నడంలో మండక్కి, ఇంకా ఉత్తరానికి పోతే చురుమురి. తెలుగువారి తిరగవాతను కన్నడంలో ఒగ్గరణె అంటారు. ఈ వంటకాన్ని కూడా ఆ పేరుతోనే పిలుస్తారు. ఉగ్గాని, ఒగ్గరణె అని పక్కపక్కన పలికి చూస్తే చెవికే చుట్టరికం తోస్తుంది. క్రాకోవ్ రొట్టె పేరులో నీళ్ళు ఉన్నట్టే ఈ పేరులో తిరగవాత ఘుమఘుమ ఉంది.

అసలు చిక్కు ఇక్కడే ఉంది. సిరుగుప్పలో తెలుగు చదివే పిల్లవాడు ఇంట్లో బొరుగులు అంటాడు, అంగడిలో మండక్కి అడుగుతాడు, పుస్తకంలో మరమరాలు అని చదువుతాడు. పుస్తకంలో ఉన్నదే అసలు తెలుగు, ఇంట్లోది మోటుమాట, అంగడిలోది పరాయిమాట అనుకుంటాడు. కొన్నాళ్ళకు ఇంటిమాట పలకడానికి సిగ్గుపడతాడు. వంటకం ఎక్కడికీ పోదు, బజ్జీల బాణలి రేపూ కాగుతుంది. ముందుగా పోయేది మాట. ‘ఏది సరైన పేరు?’ అని అడిగే పరీక్ష పెట్టడం వల్లనే అది పోతుంది. సరిహద్దు ఊరిలో ఒక వంటకానికి మూడు పేర్లుంటే మూడూ సరైనవే. వాటిలో ఒకదానిని ఎంచుకోమనడం న్యాయం కాదు. మంచి గైడు మూడు పేర్లూ చెప్పిన తరువాతనే పొట్లం చేతికివ్వాలి.

రొట్టె దగ్గరా ఇదే వరస. గోధుమపిండిలో ఉండే జిగురు జొన్నపిండిలో ఉండదు. అందుకే కాగే నీళ్ళు పోసి పిసుకుతారు. చేతితో తట్టి, పెనం మీద వేసి, తడిగుడ్డతో పైన తుడుస్తారు. దానితో తినే ఆకుకూర కోస్తాలో గోంగూర, తెలంగాణలో పుంటికూర, కన్నడంలో పుండిపల్య. సిరుగుప్పలో పుండికూర అన్న పిల్లను తప్పు దిద్దబోయే పెద్దలు ముందు తెలంగాణ పోయి రావాలి.

ఓపిక ఉన్నవారిని అదే తాలూకాలోని తెక్కలకోట కొండల దాకా తీసుకుపోవచ్చు. అక్కడ నవీన శిలాయుగపు మనుషులు నివసించారు. 1960లలో ఆ చోట తవ్వకాలు జరిగాయి. దక్షిణాదిలో ఆ కాలపు స్థావరాల్లో దొరికిన గింజలను శాస్త్రజ్ఞులు పరిశీలించి, ఉలవలు, పెసలు, అండుకొర్రలు నాటి ప్రధానమైన పంటలని తేల్చారు. ఇవి సుమారు నాలుగువేల ఏళ్ళనాటి సంగతులు. ఉలవచారుకు అప్పుడు ఏ పేరుండేదో గాని, అది తెలుగూ కన్నడమూ పుస్తకాలకెక్కక ముందటి రుచి. పీర్ల పండుగనాడైతే రొట్టె నలిపి బెల్లం కలిపిన మలీదను కూడా చూపాలి. అది అన్ని ఇళ్ళవారి చేతుల్లోనూ పడుతుంది.

‘రోజూ తినే ఉగ్గానికి గైడెందుకు?’ అని ఊరివారు నవ్వవచ్చు. రోజూ తినేదాని గురించి ఎవరూ అడగరు గనుకనే చెప్పేవారు కావాలి. దీనికంటె గట్టి అభ్యంతరం మరొకటి ఉంది. పేదింటి పొయ్యి ప్రదర్శనశాల కాదు. రొట్టె తట్టే తల్లి చుట్టూ పదిమంది చేరి, అడగకుండా ఫోటోలు తీసి, పది రూపాయలు చేతిలో పెట్టి పోవడం మర్యాద కాదు. పోలండులో ‘పాల హోటళ్ళు’ అని ప్రభుత్వ సహాయంతో చవకగా తిండి పెట్టే చోట్లున్నాయి. విద్యార్థులూ ముసలివారూ అక్కడ తింటారు. యాత్రికులు వారి పక్క బల్లలమీదే కూర్చోవాలి, వరసలో వారి వెనుకే నిలబడాలి. సిరుగుప్ప నడకకూ అదే నియమం ఉండాలి. అనుమతి అడగాలి, అడిగిన ధర ఇవ్వాలి, వండినవారిని ‘అమ్మా’, ‘అన్నా’ అని పలకరించాలి.

ఇక గైడు ఎవరు? పెద్ద నగరం నుంచి వచ్చిన ఉద్యోగి కంటె ఈ ఊరి బడిపిల్లలే ఆ పనికి తగినవారు. పొద్దున ఇంట్లో ఒక భాష, మధ్యాహ్నం బడిలో ఒక భాష, సాయంత్రం అంగడిలో మరో భాష మాట్లాడగలవారు క్రాకోవ్‌లో కూడా సులభంగా దొరకరు. ఒక ఆదివారం ఐదారుగురు కలిసి పలక మీద దారి గీసుకుని, ఒక్కొక్క మలుపు దగ్గర ఒక్కొక్క వంటకానికి ఉన్న పేర్లన్నీ రాసుకుంటే సగం పని అయినట్టే. పేర్లు తెలియనిచోట అవ్వలను అడగాలి. నడకను మాత్రం పొద్దున ఏడు గంటలకే మొదలుపెట్టడం మంచిది. ఎండెక్కితే బజ్జీలు దొరుకుతాయి గాని, ఉగ్గాని గిన్నె అడుగంటుతుంది.