గడ్డపు తొండ: ముచ్చట వెనుక పదిహేనేళ్ల బాధ్యత

కుక్క, పిల్లి, రామచిలుక, రంగుచేపలు. మన ఇళ్లలో పెంపుడు జీవులంటే ఒకప్పుడు ఇంతే. ఇటీవలి సంవత్సరాల్లో నగరాల అపార్ట్‌మెంట్లలోకి ఎడారి బల్లులు కూడా ప్రవేశిస్తున్నాయి. వాటిలో ఎక్కువ ఆదరణ పొందుతున్నది బియర్డెడ్ డ్రాగన్. ఆస్ట్రేలియా మధ్య, తూర్పు ప్రాంతాల్లోని మెట్ట భూములు దీని పుట్టిల్లు. కంచెల మీద తల ఆడిస్తూ కనిపించే మన తొండకు ఇది దగ్గరి చుట్టం. రెండూ ఒకే కుటుంబానికి చెందినవి. బెదిరినప్పుడు గొంతు కింద ముళ్ల చర్మాన్ని ఉబ్బించి నల్లగా మార్చుకుంటుంది. గడ్డం అన్న పేరు అలా వచ్చింది.

ఈ జీవి సాధు స్వభావం గలది. మనిషి చేతి మీద కదలకుండా కూర్చుంటుంది. సామాజిక మాధ్యమాల్లోని చిత్రాలు చూపేది ఇంతవరకే. సరైన పోషణ ఉంటే ఇది 10 నుంచి 15 ఏళ్లు జీవిస్తుంది. పదో తరగతి పిల్లవాడి సరదా కోసం కొన్న ప్రాణి, అతడు ఉద్యోగంలో స్థిరపడే నాటికి కూడా ఇంట్లోనే ఉంటుంది. అప్పుడు దాని ఆలనాపాలనా ఎవరిదన్న ప్రశ్న కొనేనాడే వేసుకోవాలి.

సరీసృపాలు తమ శరీరంలో తగినంత వేడిని తామే పుట్టించుకోలేవు. అందుకే గాజు పెట్టెలో ఒక మూల 38 నుంచి 42 డిగ్రీల వేడి, రెండో మూల 25 డిగ్రీలకు కాస్త అటూఇటూగా చల్లదనం ఉండాలి. జీవి అవసరాన్ని బట్టి అటూ ఇటూ జరుగుతుంది. చలి దేశాల్లో వేడి మూలను నిలబెట్టడం కష్టం. తెలుగు రాష్ట్రాల్లో సమస్య దీనికి పూర్తిగా భిన్నం. మే నెలలో విజయవాడలోనో రామగుండంలోనో కరెంటు పోయిన మధ్యాహ్నం, మూసిన గదిలో చల్లని మూలే మిగలదు. ఎడారి జీవి కదా, ఎండకు ఓర్చుకుంటుందని భావించడం ప్రమాదకరం. ఎడారిలో దానికి నీడ ఉంటుంది, బొరియ ఉంటుంది. గాజు పెట్టెలో ఏ దారీ లేదు. వానాకాలంలో తీర ప్రాంతపు తేమ కూడా దీనికి గిట్టదు.

రెండో అవసరం అతినీలలోహిత కాంతి. దాని సాయంతోనే శరీరం డి3 విటమిన్‌ను తయారు చేసుకుని కాల్షియాన్ని గ్రహిస్తుంది. కిటికీ అద్దం ఈ కాంతిని దాదాపు పూర్తిగా అడ్డగిస్తుంది కనుక, అద్దం వెనుక ఎండలో ఉంచినా ఫలితం లేదు. ప్రత్యేక దీపం రోజుకు 10 నుంచి 12 గంటలు వెలగాలి. ఆ దీపం వెలుగుతూనే ఉన్నా కొన్ని నెలలకు దాని శక్తి సన్నగిల్లుతుంది కాబట్టి గడువు ప్రకారం మార్చాలి. ఈ శ్రద్ధ లోపిస్తే ఎముకలు మెత్తబడి, దవడ వంగి, కాళ్లు చచ్చుబడతాయి.

పిల్లలకు పురుగులు, పెద్దవాటికి ఆకుకూరలు ప్రధాన ఆహారం. పాలకూర తరచుగా పెడితే కాల్షియం ఒంటబట్టదు. మిణుగురు పురుగు ఒక్కటి తిన్నా ప్రాణం పోవచ్చు. మనుషుల ఆరోగ్యం సంగతి కూడా ఉంది. ఆరోగ్యంగా కనిపించే సరీసృపాల ద్వారా కూడా సాల్మొనెల్లా సోకుతుంది. తాకిన ప్రతిసారీ సబ్బుతో చేతులు కడుక్కోవాలి. ఐదేళ్లలోపు పిల్లలున్న ఇంట్లో వీటిని పెంచకపోవడమే మేలు.

ఇక చట్టం. ఆస్ట్రేలియా తన వన్యప్రాణులను వాణిజ్యం కోసం సజీవంగా ఎగుమతి చేయనివ్వదు. కనుక అమ్మకానికి వచ్చిన జీవి ఎక్కడ పుట్టింది, ఏ పత్రాలతో దేశంలోకి వచ్చింది అన్నది కొనేవారు తప్పక అడగాలి. 2023 ఆగస్టులో బెంగళూరు విమానాశ్రయంలో, బ్యాంకాక్ నుంచి వచ్చిన సామానులో 234 వన్యప్రాణులు పట్టుబడ్డాయి. వాటిలో ఒక కంగారూ పిల్ల అప్పటికే మరణించింది. మన గాజు పెట్టె ముచ్చటకు మరో కొసన ఉన్న దృశ్యం ఇది.

2022లో సవరించిన వన్యప్రాణి సంరక్షణ చట్టం, అంతర్జాతీయ సైటీస్ ఒప్పందం జాబితాల్లోని విదేశీ జీవులను నాలుగో షెడ్యూలులో చేర్చింది. 2024 ఫిబ్రవరిలో వచ్చిన నిబంధనల ప్రకారం, ఆ షెడ్యూలులోని జీవులు ఉన్నవారు పరివేష్ పోర్టల్‌లో నమోదు చేసుకోవాలి. కొనే ముందు ఆ జాతి జాబితాలో ఉందో లేదో అటవీ శాఖను అడిగి తెలుసుకోవాలి. మన నక్షత్ర తాబేలు, ఉడుము, రామచిలుకలను ఇంట్లో ఉంచుకోవడం మాత్రం ఎలాగూ నేరమే.

నమోదు పత్రం యాజమాన్యాన్ని చెబుతుంది. దీపం వెలుగుతోందో లేదో చెప్పదు. ఆ లోటును పూరించాల్సింది పెంచేవారే. సరీసృపాలకు చికిత్స చేయగల పశువైద్యుడు అందుబాటులో ఉన్నారా? కరెంటు పోతే ప్రత్యామ్నాయం ఏమిటి? ఊరు వెళితే చూసేదెవరు? ఈ మూడింటికీ సమాధానం దొరికాకే ఆ జీవిని ఇంటికి తేవాలి. పెంచలేక పొలాల్లోనో పార్కుల్లోనో వదిలేయడం దానికీ ముప్పు, మన స్థానిక జీవులకూ ముప్పు. ముచ్చట తీరిన తర్వాత కూడా ప్రాణం ఉంటుందన్న సత్యాన్ని మరవరాదు.