గాజుల చప్పుడు

మా జేజినాయన పోయి నెలన్నర దాటినాక, ఒక సాయంత్రం జేజి చేటలో బియ్యం ఏరుతా ఏరుతా తలెత్తి "గొళ్లెం తీసినాడు సూడు" అనింది. పోయి చూశాను. వీధి తలుపు మూసినట్టే ఉంది. మరుసటి దినం అదే పొద్దుకు అదే మాట. మూడో నాటికి ఇరుగుపొరుగుకు తెలిసింది. నాలుగో నాటికి మంత్రగాడి దగ్గర ఒక తాయెత్తు, ఒక నల్లకోడి, పైన వెయ్యిన్నూటపదహార్లు అని లెక్క తేలింది. జేజికి వినబడిన చప్పుడుకు పైసా ఖర్చు లేదు. దానికి అర్థం చెప్పినవాడే డబ్బులడిగాడు.

"ఎవరి సత్యం వాళ్లది" అనే మాట ఈమధ్య మా వైపు సత్సంగాల్లో బాగా చలామణీ అవుతోంది. వినడానికి ఎంత పెద్దమనసున్న మాటో అనిపిస్తుంది. వాదన పెట్టుకునే పని ఉండదు, రుజువు అడిగే పని అంతకంటే ఉండదు. ఆ మాట విన్నప్పుడల్లా నాకు కడపలో నూరేళ్లు దాటిన ఒక ఇంటి మెట్లు గుర్తుకొస్తాయి.

1905 డిసెంబరులో జిడ్డు సంజీవమ్మ కడపలో చనిపోయింది. భర్త నారాయణయ్య రెవిన్యూ ఉద్యోగి, 1882 నుంచి దివ్యజ్ఞాన సమాజం సభ్యుడు. కొడుకు కృష్ణకు, అంటే జిడ్డు కృష్ణమూర్తికి, అప్పుడు పదేళ్లు. 1895లో మదనపల్లెలో పుట్టాడు. మదనపల్లె అప్పట్లో కడప జిల్లాలోదే, 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడ్డాక అటు పోయింది. పసితనంలో కడపలోనే మలేరియా తగిలి చావు తప్పి బయటపడినవాడు, ఆ జ్వరాలతో బడి కూడా సరిగా సాగనివాడు. తల్లి పోవడానికి ముందు ఏడాదే ఇరవయ్యేళ్ల అక్క పోయింది. పోయిన కూతురు సంజీవమ్మకు తోటలో కనబడేదట. ఇప్పుడు ఆ తల్లీ పోయింది. మెట్లెక్కి పోతున్న అమ్మ వెనకే వెళ్లాననీ, చెయ్యి చాస్తే చీర తగిలినట్టే అయిందనీ, పైమెట్టు దగ్గర మాయమయిందనీ, బడికి పోతుంటే వెనక అమ్మ గాజుల చప్పుడు వినబడేదనీ కృష్ణ తర్వాత రాసుకున్నాడు.

ఇందులో ఒక్క ముక్క కూడా అబద్ధమని నేననను. వేల్స్ దేశంలో డెవి రీస్ అనే డాక్టరు భర్తనో భార్యనో పోగొట్టుకున్న 293 మందిని కదిలించి, 1971లో ఆ వివరాలు అచ్చువేశాడు. వాళ్లలో సగానికి దగ్గరగా పోయినవాళ్లు పక్కనున్నట్టు అనిపించిందనో, కనబడ్డారనో, మాట వినబడిందనో చెప్పారు. పిచ్చోళ్లు కారు, తాగుబోతులు కారు. చాలామంది అంతవరకు ఎవరికీ చెప్పుకోనే లేదు. ఏళ్ల తరబడి ఒక వేళకు ఒక చప్పుడుకు అలవాటుపడిన మెదడు, ఆ వేళయ్యేసరికి చప్పుడు కోసం కాచుకుని ఉంటుంది. గాలికి రేకు కదిలినా చాలు, మిగతాది అదే పూరిస్తుంది. మా జేజి గొళ్లెమూ అంతే, ఆ పిల్లోడి అమ్మ గాజులూ అంతే.

అయితే ఆ పిల్లవాడు ఇది రాసింది పద్దెనిమిదేళ్ల వయసులో, 1913లో. మధ్యలో చాలా జరిగింది. నారాయణయ్య రిటైరై 1909 జనవరిలో పిల్లల్ని తీసుకుని దివ్యజ్ఞాన సమాజం కేంద్రమైన అడయారు చేరాడు. ఆ ఏడే అక్కడి సముద్రపొడ్డున లెడ్‌బీటర్ అనే తెల్లదొర ఈ బక్కపిల్లవాణ్ణి చూశాడు. పిల్లవాడి చుట్టూ అద్భుతమైన కాంతి కనబడిందన్నాడు, అందులో స్వార్థం రవ్వంత కూడా లేదన్నాడు. రాబోయే జగద్గురువు ఈ ఒంట్లోకే దిగుతాడని సమాజంవాళ్లు తేల్చారు. పూర్వజన్మల చరిత్రలు వరసగా రాశారు. 1911లో అతని కోసం ఒక సంఘమే లేచింది. తల్లి గాజుల చప్పుడును అతను జ్ఞాపకం చేసుకుని రాసింది ఈ చూపుల బడిలో నాలుగేళ్లు చదివాక. దుఃఖం ఎక్కడ ఆగిందో, పాఠం ఎక్కడ మొదలయిందో అతనికైనా తెలిసి ఉంటుందా?

లెడ్‌బీటర్‌కు నిజంగానే కనబడిందేమో, ఎవరి అనుభవం వాళ్లదేమో అంటారు. సరే. అదే కళ్లు అంతకు ముందు హ్యూబర్ట్ వాన్ హుక్ అనే అమెరికా పిల్లవాణ్ణి కూడా ఇదే పదవికి ఎంచాయి. వాడు అడయారు వచ్చేసరికి పదవి చేయిదాటిపోయింది. ఇంకొక సంగతి. లెడ్‌బీటర్, సమాజం అధ్యక్షురాలు అనీ బిసెంట్ కలిసి దివ్యదృష్టితో పరమాణువుల లోపల చూసి, 1908లో బొమ్మలతో సహా పుస్తకం వేశారు. హైడ్రోజన్‌లో 18 కణాలు కనబడ్డాయట. ఆ పక్కనే లేబొరేటరీలలో గుడ్డిగా తడుముకున్నవాళ్లకు తేలింది మాత్రం ఒక ప్రోటాను, ఒక ఎలక్ట్రాను. పిల్లవాడి చుట్టూ ఉన్న కాంతిని మనం తూచలేం. హైడ్రోజన్‌ను తూచగలం. తూచగలిగిన చోట తప్పిన కళ్లను తూచలేని చోట ఎందుకు నమ్మాలి?

మండువేసవిలో పులివెందుల రోడ్డు మీద పోయినవాళ్లకు తెలుసు, ఎదర తారు మీద నీళ్లు తళతళలాడతాయి. బస్సులో యాభై మందికీ కనబడతాయి, సెల్‌ఫోన్‌లో ఫొటో తీస్తే ఫొటోలోనూ పడతాయి. కాలిన రోడ్డు మీది వేడిగాలి వెలుగును వంచి ఆకాశాన్నే కింద చూపిస్తుంది. కనబడటం అబద్ధం కాదు. కానీ బిందె తీసుకుని దిగేవాడు ఉండడు. రాయలసీమవాడికి నీళ్ల విషయంలో ఉన్న ఈ తెలివి స్వాములోరి దగ్గరికి పోయేసరికి ఏమవుతుందో నాకర్థం కాదు. బ్రహ్మంగారి మఠం మా జిల్లాలోదే. 2020లో కరోనా వచ్చాక ఆయన కాలజ్ఞానంలో "కోరంకి" అనే జబ్బు కనబడింది. 2019లో అదే పుస్తకం చదివినవాళ్లలో ఒక్కరన్నా మాస్కు కొనిపెట్టుకున్నారా?

కృష్ణమూర్తికి దెబ్బ తగిలింది 1925లో. క్షయతో తీసుకుంటున్న తమ్ముడు నిత్య చనిపోడని, సమాజంవాళ్లు నమ్మే మహాత్ములు అభయమిచ్చారని అతను నమ్మాడు. తాను ఓడలో ఇండియాకు వస్తుండగా నవంబరు 13న అక్కడ తమ్ముడు పోయాడు. నాలుగేళ్లకు, 1929 ఆగస్టు 3న, హాలెండులో ఓమెన్ దగ్గర వేలమంది ముందు నిలబడి తన కోసం పెట్టిన సంఘాన్ని తానే రద్దు చేశాడు. సత్యానికి దారులు లేవు, ఏ మతమూ ఏ గురువూ అక్కడికి చేర్చలేరు అన్నాడు. వచ్చిన ఆస్తులు తిరిగి ఇప్పించేశాడు. సింహాసనం మీద కూర్చోబెడితే దిగి నడిచిపోయినవాళ్లు మన దేశంలో ఎంతమంది? అందుకు ఆయనకు దండం పెడతాను.

అక్కడితో ఆగితే బాగుండేది. చిన్నప్పటి చూపులు ఆయన్ను పూర్తిగా వదల్లేదు. 1986 ఫిబ్రవరిలో, చనిపోవడానికి పదిరోజుల ముందు, ఏదో మహాశక్తి డెబ్భయ్యేళ్లుగా ఈ దేహాన్ని వాడుకుందని టేపురికార్డరు ముందు చెప్పాడు. గురువు వద్దన్నవాడే ఆ మాటన్నాడు. లెడ్‌బీటర్ సముద్రపొడ్డున చెప్పినదానికీ దీనికీ ఎంత దూరముంది? రెంటినీ పరీక్షకు పెట్టే వీలు లేదు. ఆయన మాటల్లో మన బుద్ధికి పదునుపెట్టినవి ఉంచుకుందాం, ఇది మాత్రం వద్దు.

మా ఇంట్లో తాయెత్తు కట్టలేదు. నాయన ఒప్పుకోలేదు, నల్లకోడి బతికిపోయింది. సాయంత్రం ఆ వేళకు ఎవరో ఒకరం జేజి పక్కన కూర్చుని బియ్యం ఏరేవాళ్లం. కొన్ని నెలలకు ఆ చప్పుడు ఊసే ఎత్తలేదు. మీ ఇంట్లో పెద్దామె ఎవరన్నా ఇట్లాంటి చప్పుడు వినబడిందంటే నవ్వొద్దు, మంత్రగాడి దగ్గరికి తోలుకపోనూ వద్దు. కాసేపు పక్కన కూర్చోండి.