బాటకు అడ్డం కడీలు పాతేముందు ఇది చదవండి



మొన్న శుక్రవారం మా రూమ్‌లో ఒక తమ్ముడు ఇమోలో ఇంటికి మాట్లాడుకుంట, "వాళ్లను మన పొలంలకెల్లి రానియ్యకుండ్రి, కడీలు పాతుండ్రి, పైసలు నేను పంపుత" అని గట్టిగ ఒర్రుతున్నడు. అది విని మేము ఊకుండలేక రాస్తున్నం. ఎందుకంటే తొమ్మిదేండ్ల కింద అదే మాట మేము కూడ ఫోన్‌లనే అన్నం.

మాది నిజామాబాద్ జిల్లా. ఖతార్‌ల సైట్ సూపర్‌వైజర్ పని. ఇక్కడి పైసలతోటి ఊర్లె ఎకరంన్నర పొలం కొన్నం. వెనక రైతు తన పొలానికి అందులకెల్లే పోయేది, వాళ్ల తాత కాలం నుంచి ఎడ్లబండి బాట అది. మా కాగితంల మాత్రం బాట అని ఎక్కడ లేదు. "రిజిస్ట్రేషన్ మా పేరు మీద ఉన్నది, ఇంక బాట ఎక్కడిది?" అని మా తమ్మునితోటి చుట్టూ కడీలు పాతించి ముండ్లతీగ కట్టించినం.

ఆ యేడు ఆయన పొలంలకు వరికోత మిషన్ పోలేదు. కూలీలను పెట్టి కోపిచ్చిండు. మోపులు నెత్తి మీద మోస్తుంటె నడుమ వాన కొట్టింది, వడ్లు మొలకలొచ్చినయ్. మా నాయన పోయిన్నాడు మేము ఇక్కడ ఉంటే, అక్కడ పాడె మోసినోళ్లల్ల ఆయన ఒకడు. అది కూడ మాకు అప్పుడు యాదికి రాలేదు.

ఆయన కోర్టుకు పోయి ఇంజంక్షన్ తెచ్చుకున్నడు. కేసు ఆరేండ్లు నడిచింది. వాయిదా ఉన్నప్పుడల్లా మా తమ్మునికి పని బంద్. సాక్ష్యం చెప్పేందుకు మేము సొంత టికెట్ పెట్టుకొని పోతే ఆ రోజు జడ్జి సార్ లీవ్. ఆఖరికి లోక్ అదాలత్‌ల రాజీ అయినం. పది ఫీట్ల బాట, 200 ఫీట్ల పొడుగు ఇచ్చినం. లెక్క చేస్తే రెండు గుంటలు కూడ లేదు. వకీలు ఫీజు, టికెట్లు కలిపితే ఆ జాగ ధర కన్న ఎక్కువే అయింది.

ఈ ఆరేండ్లల్ల వకీలు దగ్గర తెలుసుకున్నది చెప్తం. పట్టా మన పేరు మీద ఉన్నంత మాత్రాన పాత బాట మూసే హక్కు రాదు. ఒకరు 20 ఏండ్లు అందరికీ తెలిసేటట్టు, లొల్లి లేకుండ, అడ్డం లేకుండ, తన హక్కు లెక్కనే నడిస్తే చట్టం అది ఆయన హక్కే అంటది. మనల్ని అడిగి, మనం సరే అంటే నడిచినోళ్లకు మాత్రం ఎన్నేండ్లయినా ఆ హక్కు రాదు. అన్నదమ్ములు పంచుకున్నంక వెనక ముక్కకు వేరే తొవ్వే లేకపోతే ముందు ముక్కకెల్లి తొవ్వ ఇయ్యాల్సిందే. "ఇట్లయితే దగ్గరైతది" అంటే మాత్రం చెల్లదు. ఇగ ఊరి నక్షల ఉన్న బండ్ల బాట అయితే ఎవ్వరు సొంతంగ మూసుకునేది కాదు.

"అట్లయితే మన పొలంల ఊరంత నడవాల్నా?" అని కొందరు అడుగుతరు. నడవనక్కర లేదు. ఆ హక్కు ఆ పొలానికే, ఆ పనికే. ఎవుసం బాటను పట్టుకొని, వెనక ప్లాట్లు చేసి అమ్మి వెంచర్ రోడ్డు చేస్తమంటే మనం ఒప్పుకోనక్కర లేదు.

మన బాటే ఎవరన్నా మూస్తే ఇంకో సంగతి ఉన్నది. అడ్డం పెట్టినట్టు తెలిసి కూడ ఏడాది ఊకుంటే ఆ 20 ఏండ్ల లెక్క తెగిపోతది. నడక ఆగినంక రెండేండ్లల్ల కేసు వెయ్యకపోతే ఆ పాత నడక కోర్టుల పనికి రాదు. మనకు లీవ్ వచ్చేది రెండేండ్లకోసారి! "లీవ్‌కు వచ్చినంక చూస్త" అనుకుంటే అక్కడ గడువు అయిపోతది. అందుకని ఎంబసీల అటెస్టేషన్ చేయించి ఇంటోళ్లకు పవర్ ఆఫ్ అటార్నీ పంపండి. ఆ కేసు వరకే రాయండి, భూమి అమ్మే అధికారం అందుల పెట్టకండి. కాగితం ఇండియాకు చేరినంక మూడు నెలల్ల స్టాంపు వేయించాలె.

కేసు కన్న ముందు మాత్రం మాట్లాడుకోండి. మా సలహా ఇదే. భూమి కొనేముందు గెట్టు పక్కోళ్లను పిలిచి ఒకసారి పొలం చుట్టు తిరగండి, ఎవరు ఎటు నడుస్తున్నరో అడగండి. బాట ఉంటే ఎన్ని ఫీట్లో రిజిస్ట్రేషన్ కాగితంలనే రాయించండి. కేసు పడితే ఆరేండ్లు ఆగకండి, మొదట్నే లోక్ అదాలత్ అడగండి. అక్కడ రాజీ అయితే అప్పీలు లేదు, కట్టిన కోర్టు ఫీజు వాపస్ వస్తది.

ఇక్కడ సైట్ మీద మేము మొట్టమొదలు చేసేది బండ్లు వచ్చే తొవ్వ. అది లేకపోతే కాంక్రీట్ బండి రాదు, క్రేన్ రాదు. పదో తరగతి చదివిన మాకు ఇంత తెలుసు, కానీ ఊర్లె మా పొలం అనేసరికి మర్చిపోయినం.

రూమ్‌ల తమ్మునికి మా కథంత చెప్పినం. "ఆగుండ్రి, నేను ఆయనతోనే మాట్లాడుత" అని రాత్రి ఇంటికి మళ్ల ఫోన్ చేసిండు. మీ ఇంట్ల కూడ ఇట్లాంటి ముచ్చట నడుస్తుంటే ఈ రోజే ఫోన్ చెయ్యండి.