చలికాలం పాలు ఎండాకాలానికి

పిల్లలూ! ఒకపక్క గౌతమి, ఒకపక్క వశిష్ఠ, దక్షిణాన సముద్రం. వీటి మధ్య చిన్న దేశంలాగా వున్నది మన కోనసీమ. అమలాపురం, రాజోలు, కొత్తపేట, ఎటు వెళ్ళినా వరిచేలే. వరి పండినచోట గడ్డి వుంటుంది. గడ్డి వున్నచోట గేదె వుంటుంది. పాడీ పంటా అని కలిపి అనడం అందుకే.

అయితే గేదె ఏడాది పొడుగునా ఒకేలాగా పాలివ్వదు. చాలా గేదెలు వానాకాలం మొదలు చలికాలం దాకా ఈనుతాయి. ఈనిన కొన్ని వారాలకు పాలు హెచ్చుతాయి. ఆ పైన క్రమంగా తగ్గుతాయి. అందుచేత చలికాలంలో బిందెలు నిండుతాయి. ఎండాకాలం వచ్చేసరికి ఎన్నో గేదెలు వట్టిపోతాయి. పాలిచ్చేవి కూడా తక్కువ ఇస్తాయి. గేదె నల్లని చర్మం ఎండను పీల్చుకుంటుంది. ఆవుకు వున్నన్ని చెమట గ్రంథులు దానికి లేవు. అది కాలవలో పడుకున్నదంటే సోమరితనం కాదు, ఒళ్ళు చల్లబరుచుకుంటున్నదన్నమాట!

మరి చలికాలంలో మిగిలిన పాలు ఏం చేయాలి? కొన్ని గంటలు వుంచితే విరిగిపోతాయి. వంతెనలు లేని రోజులలో రేవు దాటించి దూరపు పట్నానికి పంపడం సాధ్యమా? అందుకని తోడుపెట్టి, చిలికి, వెన్న కాచి, నెయ్యి నిలవచేసేవారు. పాలకు మాత్రం చలికాలంలో కొనేవారు తక్కువ. ఎండాకాలంలో కొందామంటే పాలే తక్కువ. ధర రానప్పుడు రైతు ఇంకొక గేదెను ఎందుకు కొంటాడు?

గుజరాతులోని ఆనంద్‌లో కూడా ఇదే చిక్కు వచ్చింది. అక్కడి రైతుల సంఘం బొంబాయికి పాలు పంపేది. చలికాలంలో పాలు మిగిలిపోయేవి. గేదెపాలను పొడిచేయడం కుదరదని విదేశీ నిపుణులు అన్నారు. హెచ్. ఎం. దలాయా అనే ఇంజనీరు కుదురుతుందని చేసి చూపాడు. పాలను ముందు కాచి చిక్కబరుస్తారు. తరువాత సన్నని తుంపరగా వేడిగాలిలోకి చిమ్ముతారు. నీరు ఆవిరై పోతుంది, పొడి కిందికి రాలుతుంది. ఎండాకాలంలో ఆ పొడిని నీళ్ళలో కలిపితే మళ్ళీ పాలు! ఆనంద్ కర్మాగారం 1955లో ప్రారంభమయింది. మన విజయవాడలో పాల కర్మాగారం 1969లో వెలిసింది. 1970 నుంచి 1996 దాకా దేశమంతటా ‘పాలవెల్లువ’ పథకం నడిచింది. చలికాలం పాలకూ కొనుగోలుదారు దొరికాడు. వెన్న శాతాన్ని కొలిచి ధర కట్టారు. ముర్రాజాతి దున్నలతో సంకరం చేసి ఎక్కువ పాలిచ్చే గేదెలను పెంచారు.

ఇప్పుడు లెక్క చూడండి. 1950–51లో మన దేశంలో పాలు సుమారు 1.7 కోట్ల టన్నులు. 2023–24లో సుమారు 23.9 కోట్ల టన్నులు. జనం నాలుగింతలయితే, పాలు పద్నాలుగింతలయినాయి! తలా రోజుకు 130 గ్రాములు వచ్చే చోట 2023–24లో 470 గ్రాములు వచ్చాయి.

కాని ఇది అందరికీ సమంగా పంచితే వచ్చే లెక్క. పాలు లెక్కలో పంచినంత సమంగా ఇళ్ళలో పంచబడవు. తెల్లవారుజామున లేచి పాలు పితికి, కేంద్రంలో పోసివచ్చిన తల్లి, పిల్లవాడికి నీళ్ళమజ్జిగే పోసే ఇళ్ళూ వున్నవి. ఆ డబ్బుతో బియ్యమూ పుస్తకాలూ వస్తాయి, నిజమే. అయినా అమ్మడానికి ముందు పిల్లల గ్లాసు పక్కకు తీసిపెట్టడం పెద్దలు మరవకూడదు.

పిల్లలూ, మీ ఇంట్లోనో పొరుగింట్లోనో గేదె వుంటే, నెలకొకసారి పూటకు ఎన్ని పాలిచ్చిందో గోడ కాలెండరు మీద రాయండి. ఏడాది తిరిగేసరికి చలికాలపు పొంగూ, ఎండాకాలపు తరుగూ మీ కళ్ళకే కనబడతాయి. అయితే ఒక్క మాట: పాలు పెరిగాయా తగ్గాయా అని తేల్చాలంటే పుష్యమాసాన్ని వైశాఖంతో పోల్చకండి. ఈ ఏటి పుష్యాన్ని వచ్చే ఏటి పుష్యంతో పోల్చండి. లెక్క అప్పుడే నిజం చెబుతుంది.