జ్వరం తగ్గాక వచ్చే మెమో

టైఫాయిడ్‌తో మూడు వారాలు మంచం పట్టిన గుమాస్తా కోలుకుని డ్యూటీలో చేరతాడు. ప్రైవేటు డాక్టరు ఇచ్చిన మెడికల్ సర్టిఫికెట్, ఫిట్‌నెస్ సర్టిఫికెట్ జతచేసి సెలవు అర్జీ పెడతాడు. నెల తిరిగాక ఆఫీసు నుంచి మెమో: ప్రభుత్వ వైద్యుడి చేత ధ్రువీకరణ తేవాలి. అప్పటికి జ్వరం లేదు, నీరసమూ లేదు. ఎదురుగా నిక్షేపంలా నిలబడ్డ మనిషిలో పోయిన నెల టైఫాయిడ్‌ను ఏ సివిల్ సర్జన్ మాత్రం ఎలా పట్టుకుంటాడు?

ఆఫీసుల అనుమానానికి కారణం లేకపోలేదు. ఏడాది సర్వీసుకు 20 రోజుల అర్ధవేతన సెలవు జమవుతుంది. వైద్య కారణం చూపితే దాన్ని కమ్యూటెడ్ సెలవుగా మార్చుకోవచ్చు. ఖాతాలో రెండు రోజులు తరిగితే ఒక రోజు పూర్తి జీతం చేతికొస్తుంది. అందుకు కావలసింది ఒక సర్టిఫికెట్. ఇంట్లో పెళ్లికీ, పొలం పనులకూ, గిట్టని బదిలీ నుంచి తప్పించుకోవడానికీ వెన్నునొప్పి రాయించుకునేవాళ్లున్నారు. అడిగిందే తడవుగా రాసిచ్చేవాళ్లూ ఉన్నారు. వాళ్ల మూలంగా నిజంగా పడకేసినవాడి కాగితమూ చులకనైపోతోంది.

కేంద్ర ఉద్యోగుల సెలవు నిబంధనలు (1972) ఈ సంగతిని ముందే ఆలోచించాయి. సర్టిఫికెట్ ఉన్నంత మాత్రాన సెలవు హక్కైపోదని 19వ నిబంధన చెబుతుంది. సెలవు మంజూరు చేసే అధికారి తలచుకుంటే సివిల్ సర్జన్ స్థాయికి తగ్గని ప్రభుత్వ వైద్యుడి చేత రెండో అభిప్రాయం తీసుకోవచ్చు. అయితే ఆ పరీక్ష వీలైనంత త్వరగా జరగాలని కూడా అందులోనే ఉంది. ఈ మాటకు ఉన్న విలువ చాలా పెద్దది. మనిషి మంచం మీద ఉండగా పంపితే అది తనిఖీ. లేచి తిరుగుతున్నప్పుడు పంపితే వేధింపే.

ఆలస్యమైనా నిజం తేల్చే దారి ఉంది. 2002 నాటి వైద్యుల వృత్తి నియమావళి ప్రకారం ప్రతి డాక్టరూ తానిచ్చిన సర్టిఫికెట్ల వివరాలతో రిజిస్టరు నిర్వహించాలి, ఒక్కోదానికీ నకలు దాచాలి. సర్టిఫికెట్ మీద రోగి సంతకమో వేలిముద్రో, చిరునామా, కనీసం ఒక గుర్తింపు చిహ్నం ఉండాలి. డాక్టరు రిజిస్ట్రేషన్ నంబరూ తప్పనిసరి. తప్పుడు సర్టిఫికెట్ మీద సంతకం చేయడం వృత్తిపరమైన దుష్ప్రవర్తన. సందేహం వచ్చిన ఆఫీసు ఆ రిజిస్టరులో నమోదు చూపమని డాక్టరుకు ఒక లేఖ రాయవచ్చు. రక్తపరీక్ష రిపోర్టు, మందుల బిల్లుల తేదీలు సరిపోల్చవచ్చు. కోలుకున్నవాణ్ని ఆసుపత్రుల చుట్టూ తిప్పే కంటే అది తేలిక, నమ్మదగినది కూడా.

వైద్య ఖర్చుల రీయింబర్స్‌మెంట్‌లో సుప్రీంకోర్టు 2018లో చెప్పిందీ ఇంచుమించు ఇదే. గుండె చికిత్స బిల్లు కోసం ఒక విశ్రాంత కేంద్ర అధికారి కోర్టుకెక్కిన కేసు అది. ఆసుపత్రి పేరు ప్రభుత్వ జాబితాలో లేదన్న ఒక్క సాకుతో బిల్లు కాదనరాదని ధర్మాసనం తేల్చింది. చికిత్స నిజంగా జరిగిందా, దాన్ని వైద్యులు, ఆసుపత్రి ధ్రువీకరించిన రికార్డులు బలపరుస్తున్నాయా అన్నదే చూడాలంది. ఇలాంటి కేసులు త్వరగా తెమలడానికి నెలనెలా సమావేశమయ్యే కార్యదర్శి స్థాయి కమిటీ ఉండాలని కూడా ఆదేశించింది.

తెలుగు రాష్ట్రాల్లో ఉపాధ్యాయ బదిలీలు వచ్చినప్పుడు ఈ చిక్కు బాగా కనిపిస్తుంది. క్యాన్సర్, గుండె శస్త్రచికిత్స, కిడ్నీ మార్పిడి, డయాలసిస్ వంటివి ప్రాధాన్య కేటగిరీలో ఉంటాయి. దొంగ సర్టిఫికెట్‌తో ఒకరు పట్నం బడిని దక్కించుకుంటే నిజమైన రోగి మారుమూల మండలంలోనే మిగిలిపోతారు. కాబట్టి మెడికల్ బోర్డు పరీక్ష ఉండాల్సిందే. కానీ వారానికి రెండు మూడు సార్లు డయాలసిస్ చేయించుకునే టీచరమ్మను జిల్లా ఆసుపత్రి వరండాలో పూటంతా నిలబెట్టనక్కర్లేదు. డయాలసిస్ యూనిట్‌లో ఆమె పేరు మీద తేదీలతో సహా రికార్డు ఉంటుంది. బోర్డు ముందు దాన్ని తెప్పించుకుని చూసి, ఆమెను పిలవక తప్పదనుకుంటే డయాలసిస్ లేని రోజున, టైము చెప్పి పిలవాలి.