పర్మినెంట్ పనికి టెంపరరీ మనుషులు

మహారాష్ట్ర ఆర్టీసీలో బస్సులు ఊడ్చి శుభ్రం చేసే క్యాజువల్ కార్మికులు తమను పర్మినెంట్ చేయాలని కోర్టుకెక్కారు. హైకోర్టులో ఓడిన సంస్థ ఊరుకోకుండా సుప్రీంకోర్టుకు వెళ్లి, 2006 నాటి ఉమాదేవి తీర్పును అడ్డుపెట్టింది. నిబంధనల ప్రకారం ఎంపిక కాని తాత్కాలిక ఉద్యోగికి పర్మినెంట్ హోదా అడిగే హక్కు లేదని ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం చెప్పిన తీర్పు అది. అయినా 2009 ఆగస్టులో సుప్రీంకోర్టు కార్మికుల వైపే నిలిచింది. ఏళ్లకేళ్లు క్యాజువల్, బద్లీ, టెంపరరీ పేర్లతో పని చేయించుకుంటూ పర్మినెంట్ హక్కులు ఎగ్గొట్టడాన్ని మహారాష్ట్ర 1971 చట్టం అనుచిత కార్మిక విధానంగా పేర్కొంది. దాన్ని సరిదిద్దే కార్మిక న్యాయస్థానాల అధికారాన్ని ఉమాదేవి తీర్పు లాగేసుకోలేదని సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. పోస్టులు లేనిచోట కోర్టులు వాటిని సృష్టించలేవని కూడా ఆ 2009 తీర్పులోనే చెప్పింది. ఆ రెండు మాటలూ కలిపి చూస్తే అసలు కొలబద్ద దొరుకుతుంది: చూడాల్సింది అపాయింట్‌మెంట్ కాగితం మీద రాసిన పేరును కాదు, డిపోలో ఆ పని ఏడాది పొడవునా ఉందా లేదా అన్నదాన్ని.

తెల్లవారుజామున మొదటి సర్వీసు బయలుదేరాలంటే రాత్రే బస్సు కడగాలి, గ్యారేజీలో బ్రేకులు చూడాలి, డ్యూటీ చార్టులో డ్రైవరు పేరు పడాలి. ఇందులో తాత్కాలికం ఏముంది? అయినా నిరంతర సర్వీసుగా లెక్కకు రావాలంటే టెంపరరీ కార్మికుడే తాను ఏడాదిలో 240 రోజులు పనిచేశానని నిరూపించుకోవాలి. డ్యూటీ చార్టు, హాజరు పట్టీ, టికెట్ యంత్రం లెక్కలు అన్నీ యాజమాన్యం బీరువాలోనే ఉంటాయి. అడిగిన రికార్డు ఇవ్వని యాజమాన్యాన్ని కోర్టు అనుమానించవచ్చన్నది నిజమే. కానీ అంతదాకా వాదించడానికి రోజుకూలీ మానుకుని వాయిదాలకు తిరగాల్సింది కార్మికుడే. అప్పీలు ఖర్చు ప్రజల సొమ్ము, కాలయాపన లాభం సంస్థది.

ఇలా పర్మినెంట్ చేయడం దొడ్డిదారి కాదా, నోటిఫికేషన్ కోసం ఎదురుచూస్తున్న నిరుద్యోగి మాటేమిటి అన్న ప్రశ్నను తేలిగ్గా తీసిపారేయలేం. కానీ ఆ నోటిఫికేషన్ ఇవ్వకుండా ఖాళీని టెంపరరీ మనిషితో నెట్టుకొచ్చింది యాజమాన్యమే. నిరుద్యోగికీ, టెంపరరీ కార్మికుడికీ అన్యాయం జరిగింది ఒకే చేతి మీదుగా. ఇటీవల చేరినవారికి నోటిఫికేషన్‌లో వయసు సడలింపు, అనుభవానికి వెయిటేజీ ఇస్తే సరిపోతుంది. పదేళ్లు దాటినవారిని మాత్రం మళ్లీ పరీక్ష రాయమనడం అన్యాయం. మంజూరైన పోస్టుల్లో కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు పనిచేసిన అర్హులను ఒక్కసారికి క్రమబద్ధీకరించాలని ఉమాదేవి తీర్పే చెప్పింది. యాజమాన్యాలు ఆ పేరా వదిలేసి మిగతాదే చదువుతాయి. న్యాయమైన కోరికలను తోసిపుచ్చడానికి ఈ తీర్పును ఆయుధంగా వాడుతున్నారని 2024 డిసెంబరులో సుప్రీంకోర్టే తప్పుపట్టింది.

నష్టాల్లో ఉన్న సంస్థకు డబ్బెక్కడిదన్నది ఇంకో అభ్యంతరం. రోజువారీ ప్రజాసేవలు నడిపేవారి వీపు మీద ప్రభుత్వం బడ్జెట్ లెక్కలు సరిచేసుకోకూడదని 2025 ఆగస్టులో సుప్రీంకోర్టు అన్నది. ప్రజలకు రాయితీ ప్రయాణం ఇవ్వడం మంచి విధానమే, దాని ఖర్చు మాత్రం ఖజానా భరించాలి. ఇక అవసరాన్ని బట్టి మనుషులను తీసుకునే వెసులుబాటు ఉండాలన్న మాట సబబే. సంక్రాంతికీ, మేడారం జాతరకూ స్పెషల్ బస్సులు వేసినప్పుడు తీసుకున్నవారు తాత్కాలికులే. 2019లో తెలంగాణ ఆర్టీసీ సమ్మె జరిగిన 52 రోజుల్లో బస్సు నడిపినవారికి కూడా ఆ కారణంగా పర్మినెంట్ హక్కు రాదు. పనిని బట్టి తేల్చే కొలబద్ద ఇరువైపులా కోస్తుంది, అందుకే అది న్యాయమైనది.

ఆర్టీసీలు డిపోలవారీగా మంజూరైన పోస్టులెన్ని, వాటిలో టెంపరరీగా ఎందరు, ఎన్నేళ్లుగా పనిచేస్తున్నారో బయటపెట్టాలి. పదేళ్లు నిండినవారిపై వేసిన అప్పీళ్లను ప్రభుత్వాలు వెనక్కి తీసుకోవాలి. క్రమబద్ధీకరణ ప్రక్రియను ఆరు నెలల్లో మొదలుపెట్టాలని ఉమాదేవి తీర్పు పెట్టిన గడువు 2006 అక్టోబరులోనే ముగిసింది.