ధ్రువాల తారుమారుకు గడువేదీ లేదు

భూమి అయస్కాంత ధ్రువాలు తారుమారు కాబోతున్నాయనీ, ఆ రోజున సముద్రాలు పొంగి, కరెంటు పోయి, సగం లోకం తుడిచిపెట్టుకుపోతుందనీ చెప్పే వీడియోలకు తెలుగులో కొదవ లేదు. 2018 అక్టోబర్ 11న తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటి, ఒక్క రాత్రిలో అక్కడి ఉద్దానం తోటల్లోని కొబ్బరినీ జీడినీ నేలకూల్చింది. అలాంటి చోట విపత్తు అన్న మాటను ఎవరూ తేలిగ్గా కొట్టిపారేయరు. అయితే తిత్లీ ఎప్పుడు, ఎటు నుంచి వస్తోందో వాతావరణ శాఖ ముందే చెప్పగలిగింది. ఈ ప్రళయ ప్రవక్తలు మాత్రం ఏటేటా తేదీ మార్చుకుంటూ పోతారు. ధ్రువాలు కదులుతున్న మాట నిజం, గతంలో ఎన్నోసార్లు తిరగబడిన మాట కూడా నిజం. తారుమారుకు గడువు దగ్గరపడిందనడానికి గానీ, అది జీవరాశిని తుడిచేస్తుందనడానికి గానీ ఆధారం లేదు. దీనికి సాక్ష్యం కోసం ఎక్కడికో పోనక్కర్లేదు. ఒక సాక్షి ఉద్దానం ఎదుటి సముద్రం అడుగున ఉంది, మరొకటి గోదావరి ఒడ్డున నల్లరాళ్లలో ఉంది.

ముందు ఒక గందరగోళం తీర్చుకోవాలి. భూమి తన చుట్టూ తాను తిరిగే ఇరుసు వేరు, దిక్సూచి ముల్లు చూపే అయస్కాంత ధ్రువం వేరు. తారుమారయ్యేది రెండోదే. అది జరిగినా ఉద్దానం దగ్గరి బారువ తీరాన సూర్యుడు సముద్రంలోంచే ఉదయిస్తాడు, ధ్రువ నక్షత్రం ఉన్నచోటే ఉంటుంది. 1831 జూన్ 1న జేమ్స్ క్లార్క్ రాస్ అనే బ్రిటిష్ నావికుడు ఉత్తర అయస్కాంత ధ్రువాన్ని ఉత్తర కెనడాలో గుర్తించాడు. ఇరవయ్యో శతాబ్దంలో ఎక్కువ కాలం అది ఏడాదికి పది, పదిహేను కిలోమీటర్ల చొప్పున జరిగింది. 1990ల నుంచి వేగం అందుకుని 50, 60 కిలోమీటర్లకు చేరింది. ఇప్పుడు మళ్లీ నెమ్మదించి సైబీరియా వైపు సాగుతోంది. ఓడలు, విమానాలు, మన చేతిలోని ఫోన్లు దిక్కు సరిచూసుకునే ప్రపంచ అయస్కాంత నమూనాను ఐదేళ్లకోసారి సవరిస్తారు. ఈ పరుగు వల్ల 2019 ఫిబ్రవరిలో గడువుకు ముందే సవరించాల్సి వచ్చింది. ఇంత జరిగినా మన తీరంలో ముల్లు చూపే ఉత్తరానికీ అసలు ఉత్తరానికీ తేడా ఒక డిగ్రీ లోపే. దిక్సూచి పట్టుకుని ఈశాన్యం మూల కొలిచే వాస్తు పండితులు కంగారు పడాల్సినంత మార్పేమీ రాలేదు.

ఈ కదలికకు మూలం మన కాళ్ల కింద 2,900 కిలోమీటర్ల లోతున మొదలవుతుంది. అక్కడి నుంచి 5,150 కిలోమీటర్ల వరకూ ఉన్న బాహ్య కేంద్రకంలో ఇనుము, నికెల్ కరిగి, నీళ్లంత పలచగా పారుతుంటాయి. భూమి చల్లబడుతున్నకొద్దీ లోపలి ఘన కేంద్రకం కొద్దికొద్దిగా పెరుగుతుంది. గడ్డకట్టే ఇనుము నుంచి విడిపోయిన తేలిక మూలకాలు, వేడితో పాటు పైకి లేస్తాయి. భూభ్రమణం ఈ ప్రవాహాలను మెలితిప్పుతుంది. విద్యుత్తును మోయగల లోహం అయస్కాంత క్షేత్రంలో కదిలితే అందులో కరెంటు పుడుతుంది, ఆ కరెంటు మళ్లీ క్షేత్రాన్ని నిలబెడుతుంది. ఇందులో కీలకమైన సంగతి ఒకటుంది. ఈ యంత్రానికి ఉత్తరమన్నా దక్షిణమన్నా ఒకటే. భౌతికశాస్త్ర సమీకరణాలు రెండు దిశలనూ సమానంగా ఒప్పుకుంటాయి. ప్రవాహాల్లో అలజడి రేగి ఎదురు దిశ క్షేత్రం ముక్కలుముక్కలుగా బలపడితే, పాత అమరిక సన్నగిల్లి కొత్తది నిలుస్తుంది. 1995లో గ్లాట్జ్‌మైయర్, రాబర్ట్స్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు కంప్యూటర్‌లో ఈ కేంద్రకానికి నమూనా కట్టి నడిపిస్తే, బయటి నుంచి ఎవరూ వేలు పెట్టకుండానే ధ్రువాలు తారుమారయ్యాయి. అంటే దీనికి గ్రహాల కూటమీ అక్కర్లేదు, కలియుగాంతమూ అక్కర్లేదు. అయితే ఇది స్విచ్ వేసినట్టు జరిగేది కాదు, కొన్ని వేల ఏళ్లు పడుతుంది.

ఎవరూ చూడని ఈ మార్పును రాళ్లు ఎలా గుర్తుపెట్టుకున్నాయి? భావనపాడు తీరంలో అలలు వెనక్కి వెళ్లాక ఇసుక మీద నల్లటి చారలు మిగులుతాయి. అందులో ఒక అయస్కాంతం ముక్క తిప్పితే సన్నటి నల్లరేణువులు మీసాల్లా అతుక్కుని లేస్తాయి. అదే మాగ్నెటైట్. తూర్పు కనుమల రాళ్లు అరిగి, ఇల్మెనైట్, గార్నెట్‌లతో కలిసి కొట్టుకొచ్చిన సరుకు అది. ఈ ఖనిజం 580 డిగ్రీల సెల్సియస్ కన్నా వేడిగా ఉన్నంతకాలం అయస్కాంతంగా ఉండదు. అంతకు దిగువకు చల్లారే క్షణంలో భూక్షేత్రం ఎటు ఉందో ఆ దిశను తనలో బిగించుకుంటుంది. లావా అయినా, బట్టీలో కాలిన ఇటుకైనా ఇంతే. తీరంలో అలలకు దొర్లే ఇసుక ఈ పనికి రాదు, దాని ముద్ర ప్రతి అలకూ చెదిరిపోతుంది. టెక్కలి నుంచి విదేశాలకు పోయే నీలి గ్రానైట్ పలక కూడా నోరు విప్పదు. కొండ నుంచి తీసేటప్పుడు అది ఏ దిక్కుకు ఉందో ఎవరూ రాసిపెట్టరు కదా. పరిశోధకులు మాత్రం రాయిని పెకలించక ముందే ఉత్తరం ఎటో, వాలు ఎంతో దాని మీద గీత గీస్తారు. నల్లరాయి దగ్గర మామూలు దిక్సూచి తడబడుతుంది కనుక సూర్యుడి నీడతో దిక్కు చూసుకుంటారు. అంగుళం వ్యాసం ఉన్న కడ్డీలా తొలిచిన రాతిని ఆ తర్వాతే విడదీసి ల్యాబుకు తీసుకెళతారు. 1906లో ఫ్రాన్స్‌లో బెర్నార్డ్ బ్రూన్ ఎదురు దిశ చూపే లావాను గుర్తించాడు. 1929లో జపాన్‌కు చెందిన మతుయామా అలాంటి రాళ్ల దిశ వాటి వయసుతో ముడిపడి ఉందని చూపించాడు. ఆఖరిసారి ధ్రువాలు తిరగబడింది సుమారు 7 లక్షల 80 వేల ఏళ్ల కిందట అని ఇప్పుడు లెక్క తేలింది.

ప్రళయ వాదులకు ఊతమిచ్చేది ఈ అంకె. ఇటీవలి కొన్ని కోట్ల ఏళ్లలో సగటున పది లక్షల ఏళ్లకు నాలుగైదుసార్లు తారుమారు జరిగింది. ఆ లెక్కన మనం గడువు దాటిపోయాం, ఇక నేడో రేపో అంటారు. సగటును గడువుగా చదవడమే ఇందులో పొరపాటు. ఉద్దానం ఎదుటి బంగాళాఖాతం ఈ వాదాన్ని నిలువునా కూలుస్తుంది. ఒకప్పుడు ఇక్కడ సముద్రమే లేదు. ఈ తీరానికి అంటార్కిటికా ఆనుకుని ఉండేది. దాదాపు 13 కోట్ల ఏళ్ల కిందట రెండూ విడిపోవడం మొదలై, మధ్యలో కొత్త సముద్రగర్భం పుట్టింది. మామూలుగా కొత్త సముద్రగర్భం మీద ధ్రువాలు మారినప్పుడల్లా ఒక పట్టీ చొప్పున అయస్కాంత చారలు పడతాయి. అట్లాంటిక్‌లో ఆ చారలు కొట్టొచ్చినట్టు కనిపిస్తాయి. బంగాళాఖాతంలో మాత్రం వాటిని పోల్చుకోవడానికి శాస్త్రవేత్తలు ఇప్పటికీ తర్జనభర్జన పడుతున్నారు. గంగ, బ్రహ్మపుత్ర తెచ్చిపోసిన కిలోమీటర్ల మందం ఒండ్రు ఒక కారణం. అంతకన్నా పెద్ద కారణం, ఈ గర్భంలో ఎక్కువ భాగం ధ్రువాలు అసలు మారని కాలంలో ఏర్పడడం. సుమారు 12.1 కోట్ల ఏళ్ల నుంచి 8.3 కోట్ల ఏళ్ల దాకా, అంటే దాదాపు 3.8 కోట్ల ఏళ్లు భూమి ఒకే ధ్రువ దిశతో ఉండిపోయింది. సగటు ప్రకారం ఆ వ్యవధిలో 150 సార్లకు పైగా తారుమారు జరగాలి. అన్ని కోట్ల ఏళ్లు ఆగిన భూమికి ఎనిమిది లక్షల ఏళ్లు ఆలస్యమని ఎవరు చెప్పగలరు?

గడువు లేకపోయినా, వచ్చినరోజు వినాశనం తప్పదు కదా అన్నది తర్వాతి ప్రశ్న. జవాబు రాజమహేంద్రవరం దగ్గర కాతేరు, గౌరీపట్నం, పంగిడి, దుద్దుకూరు నల్లరాతి క్వారీల్లో ఉంది. పశ్చిమ భారతంలో ఉబికిన దక్కన్ లావా సుమారు వెయ్యి కిలోమీటర్లు పారి ఇక్కడిదాకా వచ్చిందని చాలామంది శాస్త్రవేత్తల అంచనా. ఇక్కడ రెండు లావా పొరలున్నాయి. కింది పొర నేటికి ఎదురు ధ్రువ దిశలో చల్లారింది. పై పొర నేటి దిశలోనే చల్లారింది. రెండింటి మధ్య గడిచిన కాలంలోనే, సుమారు 6.57 కోట్ల ఏళ్ల కిందట, ధ్రువాలు తిరగబడ్డాయి. ఆ మధ్యకాలంలో పేరుకున్న సున్నపురాయి, మట్టి పొరలో ఏముంది? ఆల్చిప్పలు, నత్తలు, సముద్రపు సూక్ష్మజీవులు, నీటి మొక్కల శిలాజాలు. ప్రళయం వచ్చిందంటున్న కాలంలో ఇక్కడ ఉప్పుటేరులో జీవులు హాయిగా బతికాయి. డైనోసార్లు పోయిందీ ఆ రోజుల్లోనే కదా అని అడగవచ్చు. అవి అంతరించింది 6.6 కోట్ల ఏళ్ల కిందట. ముందటి తారుమారు అంతకు లక్షల ఏళ్ల క్రితమే జరిగింది, తర్వాతది మరో మూడు లక్షల ఏళ్లకు జరిగింది. ఆ వినాశనం ఈ రెంటిలో దేనితోనూ కలవదు. గత 8.3 కోట్ల ఏళ్లలో దాదాపు 180 సార్లు ధ్రువాలు మారితే, అంతటి సామూహిక వినాశనం ఒక్కటే జరిగింది.

దీనికి బలమైన అభ్యంతరమే ఉంది. 1840ల నుంచి భూమి ప్రధాన అయస్కాంత బలం దాదాపు 9 శాతం తగ్గింది. దక్షిణ అట్లాంటిక్ మీద క్షేత్రం మరీ పలచబడి, అటుగా పోయే ఉపగ్రహాల పరికరాలు తడబడుతున్నాయి. ఇది కాదనలేని కొలత. కానీ దీర్ఘకాలపు సగటుతో పోలిస్తే ఇప్పటి బలం ఇంకా ఎక్కువే, పైగా ఇలాంటి హెచ్చుతగ్గులు తారుమారు దాకా పోకుండా సర్దుకున్న సందర్భాలు చాలా ఉన్నాయి. 41 వేల ఏళ్ల కిందట, లాషాంప్ ఘట్టమని పిలిచే కాలంలో, క్షేత్రం దాదాపు పదో వంతుకు పడిపోయి మళ్లీ పుంజుకుంది. దానివల్లే నియాండర్తల్ మానవులు అంతరించారని 2021లో ఒక పరిశోధన వాదించింది, దాన్ని తోటి శాస్త్రవేత్తలే గట్టిగా ప్రశ్నించారు. మన కర్నూలు ప్రాంతపు జ్వాలాపురంలో 74 వేల ఏళ్ల నాటి టోబా అగ్నిపర్వత బూడిద కిందా పైనా, 35 వేల ఏళ్ల నాటి పొరల్లోనూ రాతి పనిముట్లు దొరికాయి. ఇక్కడి మనుషులు లాషాంప్ ఘట్టాన్ని దాటుకునే వచ్చారు. క్షేత్రం తగ్గినా మన నెత్తిన ప్రతి చదరపు సెంటీమీటరు మీదా కిలో గాలి ఉంటుంది. పది మీటర్ల లోతు నీళ్లు ఆపినంత రేడియేషన్‌ను అది ఆపుతుంది.

మరి పక్షులు, తాబేళ్ల మాటేమిటి? టెక్కలి దగ్గరి తేలినీలాపురానికి ఏటా వచ్చే పెలికాన్లను చూసేవాళ్లకు ఈ సందేహం సహజమే. చాలా వలస జీవులు దిక్కు తెలుసుకోవడానికి అయస్కాంత క్షేత్రాన్ని వాడుకుంటాయి. అయితే ఫ్లోరిడాలో 19 ఏళ్ల లెక్కలు తీసి 2015లో బ్రదర్స్, లోమన్ ఒక సంగతి చూపించారు. క్షేత్రం జరిగినకొద్దీ అక్కడి లాగర్‌హెడ్ తాబేళ్లు గుడ్లు పెట్టే చోట్లు కూడా జరిగాయి. మారే క్షేత్రంతో పాటు అవీ సర్దుకుంటున్నాయన్నమాట. మన తీరానికి వచ్చే ఆలివ్ రిడ్లీ వేరే జాతి, కానీ దాని పూర్వీకులు కూడా ఎన్నో తారుమారులను దాటినవే. వేల ఏళ్ల పాటు సాగే మార్పు ఒక్కో తరానికి అందేది ఇసుమంత. ఈ తాబేళ్లకు నేటి గండం ట్రాలర్ వలలే.

నిజంగా జాగ్రత్తపడాల్సినవి ఇంకా ఉన్నాయి, అవి వీడియోల్లో కనిపించవు. 1989 మార్చిలో సౌర తుపాను దెబ్బకు కెనడాలోని క్విబెక్‌లో 60 లక్షల మందికి తొమ్మిది గంటలు కరెంటు పోయింది. అయస్కాంత క్షేత్రం మామూలుగా ఉన్నప్పుడే అంత నష్టం జరిగింది. అది బలహీనపడితే గ్రిడ్లు, ఉపగ్రహాలు మరింత ఇబ్బంది పడతాయి. మందస, వజ్రపుకొత్తూరు మండలాల్లో ప్రతిపాదించిన విమానాశ్రయం వస్తుందా, రైతుల అభ్యంతరం నెగ్గుతుందా అన్నది వేరే చర్చ. వస్తే మాత్రం దాని రన్‌వే మీద రాసే అంకె అయస్కాంత దిక్కును బట్టే ఉంటుంది. ధ్రువం జరిగాక అమెరికాలోని టాంపా విమానాశ్రయం 2011లో ఆ అంకెలు మార్చి రాసుకుంది. ఇలాంటి సవరణలకు ఎడతెగని కొలతలు కావాలి. బొంబాయి కొలాబాలో 1841లో మొదలైన కొలతలు, ట్రాములకు కరెంటు వచ్చి పాడవుతాయని 1904లో అలీబాగ్‌కు తరలాయి. హైదరాబాద్‌లో జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ (ఎన్‌జీఆర్‌ఐ) 1960ల నుంచి కొలుస్తోంది, నగరం కమ్ముకొచ్చాక చౌటుప్పల్‌లో మరో కేంద్రం పెట్టింది. ఎవరికీ పట్టని ఈ నిశ్శబ్ద గదులకు కేటాయించే సొమ్ము దండగ అనిపించవచ్చు. ధ్రువం ఎంత జరిగిందో చెప్పగలిగేది మాత్రం ఇలాంటి గదులే.

కొలతల పుస్తకాలు ఎంతో వెనక్కి పోవు, ఆ ముందు సంగతి రాళ్లనే అడగాలి. గోదావరి ఒడ్డు క్వారీల్లో ధ్రువాల తారుమారుకు సాక్ష్యమైన రాతిముఖాలు రోజూ క్రషర్లలో పడి రోడ్డు కంకరగా మారుతున్నాయి. ఉపాధి కోసం, రోడ్ల కోసం రాయి కావాల్సిందే. మొత్తం క్వారీలను మూయమని ఎవరూ అడగడం లేదు. రెండు లావా పొరలూ, మధ్య శిలాజాల పొరా ఒకేచోట కనిపించే ఒక్క గోడను మిగిల్చితే చాలు. భీమిలి దగ్గరి ఎర్రమట్టి దిబ్బలను భౌగోళిక వారసత్వ స్థలంగా గుర్తించిన భారత భూగర్భ సర్వే సంస్థకు ఇది కొత్త పనేమీ కాదు. గౌరీపట్నం, పంగిడి క్వారీల్లో అలాంటి గోడ ఒకటి ఎంచి, కంచె వేసి, పలక మీద తెలుగులో దాని కథ రాయించే పనిని ఆ సంస్థ, రాష్ట్ర గనుల శాఖ ఈ ఏడాదే మొదలుపెట్టాలి.